పూరేడు పిట్టల పేజీ

కోదాడలో లెక్కల మాస్టారుగా పనిచేసిన రోజుల్లో నా సాయంత్రాలన్నీ ఒక ట్రస్టువాళ్ళు నడిపే చిన్న గ్రంథాలయంలోనే గడిచేవి. అక్కడ పుస్తకాలు తీసిచ్చే మనిషి పేరు అబ్రహాం. నడిగూడెం దగ్గరి ఒక పల్లె నుంచి రోజూ సైకిల్ మీద వచ్చేవాడు. ఎవరు ఏ పుస్తకం అడిగినా మారుమాట లేకుండా తెచ్చిచ్చేవాడు. ఒక్క రచయిత పేరెత్తితే మాత్రం మొహం మాడ్చుకునేవాడు.

ఆ రచయిత మహేశ్వర్. సూర్యాపేటలో జీవశాస్త్రం చెప్పే లెక్చరరు. సెలవులొస్తే భుజానికి సంచీ తగిలించుకుని గుట్టలూ వాగులూ తిరిగి, చూసిన చెట్ల గురించీ పిట్టల గురించీ పుస్తకాలు రాసేవాడు. మంచి పేరున్నవాడు. ఆయన పుస్తకాలు నాలుగు మా గ్రంథాలయంలో ఉన్నట్టు రిజిస్టరులో ఉంది. అడిగితే "బైండింగుకు పోయినయి సార్" అనేవాడు అబ్రహాం. ఏ బైండింగైనా ఏళ్ళ తరబడి సాగుతుందా? ఒకరోజు గట్టిగా నిలదీశాను. టీ కొట్టు దగ్గరికి తీసుకెళ్ళి అంతా చెప్పాడు.

రెండువేల రెండులో కరువొచ్చింది. సాగర్ ఎడమ కాలువకు నీళ్ళు వదల్లేదు. నాట్లు లేవు, కోతలు లేవు, కూలి లేదు. అబ్రహాం తల్లి సైదమ్మ బీళ్ళల్లో వల పన్ని పూరేడు పిట్టలు పట్టేది, వాటిని రోడ్డు పక్కన కూర్చుని అమ్మేది. మిర్యాలగూడ నుంచి కాలువ గట్టు వెంబడి నడిచొస్తున్న మహేశ్వర్ ఆమె దగ్గర ఆగాడు. ఆమె కుండలో నీళ్ళు తాగాడు. ఫొటో తీస్తానన్నాడు. ఆమె సిగ్గుపడి కొంగు అడ్డం పెట్టుకుంటే, "ఇటు చూడమ్మా, కొంచెం నవ్వు" అన్నాడు. పెద్దమనిషి అడిగాడు కదా అని నవ్వింది.

మరుసటేడు ఆ కాలువ నడక పుస్తకంగా వచ్చింది. అందులో సైదమ్మ ఫొటో, పక్కనే ఆమె గురించి నాలుగు వాక్యాలు. ఒక పత్రిక జిల్లా పేజీలో ఆ నాలుగు వాక్యాలనూ ఫొటోతో సహా వేశారు.

సరిగ్గా అప్పుడే ఊరి బడిలో మధ్యాహ్న భోజనం వండడానికి సైదమ్మను పెట్టుకున్నారు. కరువులో ఆ ఇంటికి అదొక్కటే ఆధారం. అంతకన్నా పెద్ద సంగతి, పిల్లలంతా వరసగా కూర్చుని ఆమె వడ్డించింది తినడం. ఆ సంబరం ఆమె ఇంటికొచ్చాక కూడా చెప్పుకునేదట. ఆమె చేతి వంట తమ పిల్లలు తినడమేంటని లోపల ఉడికిపోతున్నవాళ్ళు కొందరు ఆ ఊళ్ళో ఉన్నారు. కులం పేరెత్తితే కేసవుతుందని నోరు మూసుకున్నారు. ఏదో ఒక వంక కోసం కాచుకుని ఉన్న ఆ పెద్దలకు పేపరు ముక్క దొరికింది. "మేమన్నమా? సదువుకున్న సారే రాసిండు గద, గసోంటి చేతులని" అంటూ బడికి తెచ్చి చూపించారు. రెండో రోజుకు సైదమ్మ చేతిలో గరిటె లేదు.

"గా నాలుగు ముక్కలు రాసుడు ఆయనకు ఎంతసేపు వట్టింది సార్? మా అమ్మ మళ్ళా గా బడి మొహం సూడలే" అన్నాడు అబ్రహాం.

అదీ కథ. గ్రంథాలయంలో ఉద్యోగం దొరికిన మొదటి వారంలోనే అతను ఆ నాలుగు పుస్తకాలనూ బీరువాలోంచి తీసి, చిరిగిపోయినవి పడేసే మూల గదిలో గోనెసంచి కింద దాచాడు. కాలువ పుస్తకం చేసిన తప్పు తెలుసు, మిగతా మూడింటి తప్పల్లా ఆయన రాయడమే. అలాగని చదవకుండా ఊరుకోలేదు. మధ్యాహ్నం డబ్బా విప్పుకుని, ఇంకెవరిని ఏమన్నాడోనని ఒక్కో పేజీ వెతుక్కుంటూ చదివేవాడు. ఆయనను అంత శ్రద్ధగా చదివినవాడు నల్లగొండ జిల్లా మొత్తంలో మరొకడుండడు.

"మంచిగనే రాస్తడు సార్" అన్నాడొకసారి. "గదే నా మంట. పిట్ట గూడు మీద ఎంత దయ సూపిస్తడో సూడు. మనిషి కాడికొచ్చేసరికి ఏమైతదో ఆయనకు."

రెండువేల పదమూడులో, ఎండలు ముదిరిన రోజుల్లో, మహేశ్వర్ తనే గ్రంథాలయానికి వచ్చాడు. రిటైరయ్యాడు, చేతిలో కర్ర ఉంది. హైదరాబాదులో ఎవరో ఆయన పుస్తకాలన్నీ కొత్తగా అచ్చేస్తామన్నారట. కాలువ పుస్తకం ఆయన దగ్గరే లేదు. ఇంట్లో దాచుకున్నవాటిని చెదలు తినేశాయి, అచ్చేసినవాళ్ళు దుకాణం ఎత్తేశారు. అడగని చోటు లేదు, చివరికి మా రిజిస్టరులో ఉందని ఎవరో చెబితే ఇక్కడికొచ్చాడు. నేను పక్క బల్ల దగ్గరే ఉన్నాను. చేతిలో పేపరుంది కానీ చూపంతా అటే ఉంది.

అబ్రహాం మూల గదిలోకి వెళ్ళి పుస్తకం తెచ్చి బల్ల మీద పెట్టాడు. రచయిత బుద్ధి ఎక్కడికి పోతుంది, ఆయన ముందు వెనక అట్ట తిప్పి, ఎంతమంది చదివారోనని తేదీల ముద్రలు వేసే కాగితం చూశాడు. ఒక్క ముద్ర లేదు.

"పదేళ్ళలో ఎవరూ తీసుకపోలేదా?" అన్నాడు. ఆ గొంతులో నిరాశ విని నాకు భలే హాయిగా అనిపించింది.

"నేనే తీస్కపోనియ్యలే సార్. మీయి నాలుగూ."

ఆయన బిత్తరపోయి చూశాడు. అబ్రహాం పేజీ తీసి ఫొటో మీద వేలు పెట్టాడు. "ఈమె మా అమ్మ. ఈ పేజీ సూపిచ్చి బడిల వంట మాన్పిచ్చిన్రు."

మహేశ్వర్ కళ్ళద్దాలు సరిచేసుకుని ఫొటో మీదికి వంగాడు. చాలాసేపు చూసి, "పూరేడు పిట్టలు. ఇప్పుడా వైపు కనబడటం లేదు" అన్నాడు. ఆమె గుర్తుకు రాలేదు ఆ మహానుభావుడికి, పిట్టలే గుర్తొచ్చాయి. అబ్రహాం ఏం చేసేవాడో కానీ, నేను లేచి వెళ్ళి అతని భుజం పట్టుకున్నాను.

అబ్రహాం పుస్తకం మూసేసి చంకలో పెట్టుకున్నాడు. "ఇది నాది గాదు, ట్రస్టుది. మీకిచ్చుడు రూలే. కానీ యాడున్నదో నాకొక్కనికే ఎరుక. మా అమ్మ ఇయ్యమంటే ఇస్త."

ఆదివారం కబురొచ్చింది. సైదమ్మ షరతు ఒక్కటే. ఆయన తన వాకిట్లో కూర్చుని, పదిమంది ముందు ఆ పేజీ పైకి చదవాలి. తర్వాత పుస్తకం పట్టుకుపోవచ్చు.

వస్తాడని నేననుకోలేదు. అచ్చు మీద ఆశ ఎంతటివాడినైనా నడిపిస్తుంది. మరుసటి ఆదివారం నేనూ ఆ పల్లెకు వెళ్ళాను. చర్చి ముగిసే వేళకు ఆయన కారు దిగాడు. వాకిట్లో కుర్చీ వేశారు. వాడకట్టు జనమంతా చేరారు. ఒకప్పుడు సైదమ్మ చేతి అన్నం తిన్న పిల్లలు, ఇప్పుడు మీసాలొచ్చిన కుర్రాళ్ళు, గోడకు ఆనుకుని నిలబడ్డారు. సైదమ్మ ఆయనకెదురుగా గడప మీద కూర్చుంది.

అబ్రహాం పుస్తకం చేతికిచ్చాక ఆయన చదవడం మొదలుపెట్టాడు. "దారి మలుపులో ఒక ఆడమనిషి పూరేడు పిట్టల కాళ్ళు కట్టి అమ్ముతోంది. మూగ ప్రాణులు గిలగిల్లాడుతుంటే ఆమె నవ్వుతోంది..."

"నవ్వుమన్నది ఎవరు సార్?" అంది సైదమ్మ.

ఆయన పేజీ వంకే చూస్తూ, "నేనే" అన్నాడు.

"గది రాయలే నువ్వు. సరే, ఇంక ఉన్నది గద. సదువు."

"ఆ కళ్ళల్లో కనికరం కోసం వెతికాను, కనబడలేదు. ఈ చేతులు పిల్లలకు అన్నం కూడా పెడతాయంటే నమ్మబుద్ధి కాలేదు."

ఆయన నుదురు తుడుచుకున్నాడు. "తప్పయిందమ్మా. కొత్త పుస్తకంలో ఈ పేజీ తీసేస్తాను."

"తియ్యకు" అంది సైదమ్మ. "తీస్తే నువ్వు మంచోనివైతవు. నా మీద వడ్డ మాట పోతదా? గట్లనే ఉండనియ్యి. నవ్వుమన్నది నేనే అని కింద రాసి, నీ పేరు వెట్టు."

ఆయన తలూపాడు. ఇక అయిపోయిందనుకుని పుస్తకం మూసి కర్ర అందుకున్నాడు. నిజం చెబుతున్నాను, నాకు ఆయన మీద కొంచెం కూడా జాలి కలగలేదు. సైదమ్మకూ కలగలేదు.

"కూసో సార్" అంది. వెనక మంచంలో ఉన్న ముసలాయన్ను చూపించింది. "గాయన మా బావ గోపయ్య. చెవులు సరిగ ఇనరావు. మల్ల మొదటికెల్లి సదువు, జర గట్టిగ."

ఆయన చదివాడు.