విరిగిన పాలు, సముద్రపు ఆకు

1946వ సంవత్సరం వానాకాలంలో నేను రెంటచింతల వైపు కన్యాస్త్రీలు నడిపే ఒక చిన్న ఆస్పత్రిలో వంటమనిషిగా ఉన్నాను. నేను బడికి పోలేదు. మా నాయన జపాల పుస్తకం ముందు పెట్టుకుని ఇంట్లోనే అక్షరాలు నేర్పాడు. ఆ చదువుతోనే డాక్టర్ సిస్టరమ్మ రాసే డైట్ స్లిప్పులు చదువుకునేదాన్ని. ఏ మంచం మీది రోగికి ఏం పెట్టాలో రాసిన చీటీని డైట్ స్లిప్పు అంటారు. ఫుల్ డైట్ అంటే అన్నం, పప్పు, కూర. లైట్ డైట్ అంటే జావ, మజ్జిగ, మెత్తటి అన్నం. భర్త పోయిన నాకు ఆ పొయ్యి దగ్గర చోటు చూపించిన దేవునికి రోజూ నిప్పు రాజేసే ముందు దండం పెట్టుకునేదాన్ని. ఆయన నాకేం తక్కువ చేయలేదు.

నిజానికి ఆస్పత్రి వంట తినేవాళ్ళు తక్కువ. కొందరికి కులం పట్టింపు, కొందరికి రుచి పట్టింపు. వెనక పాకలో వరసగా మూడు రాళ్ళ పొయ్యిలు ఉండేవి. ఎవరి రోగికి వాళ్ళ తల్లో పెళ్ళామో అక్కడ వండి తెచ్చి పెట్టుకునేవాళ్ళు. మంచంలో ఉన్న మనిషికి ఇంటి ఆడమనిషి చేతి కూడు పెట్టడం మా పల్నాట్లో మర్యాద ఒక్కటే కాదు, వైద్యంలో సగం. సిస్టరమ్మ కూడా దానికి అడ్డు చెప్పేది కాదు.

కోటయ్యను బొల్లాపల్లి వైపు ఊరినుంచి ఎడ్లబండిలో తెచ్చారు. పాతికేళ్ళు ఉంటాయేమో, చూస్తే ముసలివాడిలా ఉన్నాడు. యుద్ధానికి పోయి సింగపూరులో జపాను వాళ్ళకు పట్టుబడ్డాడు. వాళ్ళు ఓడలో తమ దేశానికే తీసుకుపోయి ఒక రేవులో బొగ్గు మోయించారు. మనిషి కనపడటం లేదని సర్కారు తంతి వస్తే ఊరి పెద్దలు కర్మ చేసెయ్యమన్నారట. తల్లి అంకమ్మ ఒప్పుకోలేదు. "శవాన్ని చూపించండి, చేస్తా" అని వాళ్ళ మొహానే చెప్పిందట. తీరా కొడుకు తిరిగొస్తే, వాడికి చిన్నప్పటినుంచీ ఇష్టమని ఎర్రగా గోంగూర నూరి, అన్నంలో కలిపి తన చేత్తో ముద్దలు పెట్టింది. వాడు నవ్వుతూనే తిన్నాడు. ఆ సాయంత్రం నెత్తురు కక్కుకున్నాడు.

సిస్టరమ్మ పరీక్ష చేసి, తల్లి దూరంగా ఉన్నప్పుడు నాతో చెప్పింది. "ఆకలితో ఎండి ఎండి కడుపు పాడయింది అన్నమ్మా. కారం, పులుపు, నూనె ముట్టకూడదు. పాలు కూడా నిలవడం లేదు. ఈ వారంలో ఏదో ఒకటి లోపల నిలవకపోతే మనకు దక్కడు."

ఆ మాటే మెత్తగా అంకమ్మకు చెప్పాను. ఆమె నన్ను ఎగాదిగా చూసింది.

"సప్పిడి కూడు తింటే సత్తువ యాడనుంచి వచ్చుద్ది? ఆడ మూడేళ్ళు సప్పిడే తిని గదా ఇట్టా అయింది!"

ఆమె కొర్రల జావ కాచేది. ఎంత చెప్పినా అందులో రెండు మిరియాలు, కాస్త చింతపండు పడేవి. కోటయ్య వద్దనేవాడు కాదు. తల్లి చెయ్యి నోటిదాకా వస్తే కళ్ళు మూసుకుని మింగేవాడు. ఆమె గిన్నె కడుక్కోవడానికి పోయేదాకా పళ్ళ బిగువున పట్టుకుని, తరవాత మంచం పక్కకు వంగి కక్కేవాడు. పక్క మంచం మీద మస్తాన్ సాయిబు ఉండేవాడు. మాచర్లలో బండి చక్రాలు చేసే మనిషి, కాలు విరిగి పడి ఉన్నాడు. తల్లి రాకముందే మట్టి చల్లించమని ఆయనే నన్ను కేకేసేవాడు.

ఒక పొద్దున నేను గంజి తీసుకుపోతే కోటయ్య తలకింది సంచి చూపించాడు.

"అందులో పొట్లం ఉంది, తీయక్కా."

విప్పి చూస్తే కాలిన పొగాకు ముక్కల్లాగా నల్లగా, చుట్టలు చుట్టుకుని ఏదో ఉంది. ఉప్పువాసన కొట్టింది.

"ఏందిరా అది?" అని మస్తాన్ సాయిబు మెడ చాచాడు.

"సముద్రంలో పెరిగే ఆకు మామా. ఆడ తింటారు."

"సముద్రంలో గడ్డి మేసొచ్చావంట్రా! మా ఎద్దులు నయం, గట్టు మీదదే మేస్తాయి."

కోటయ్య నవ్వబోయి దగ్గాడు. తరవాత నాకు చెప్పుకొచ్చాడు. రేవు వెనక వీధిలో ఒక ముసలామె తోఫూ చేసి అమ్మేదట. తోఫూ అంటే సోయా చిక్కుడు గింజల పాలు విరిచి, గుడ్డలో వడగట్టి, బరువు పెట్టి గడ్డ కట్టించే పదార్థం. మన జున్నులాగా తెల్లగా, మెత్తగా ఉంటుంది. కాపలావాడు అటు తిరిగినప్పుడు ఆమె కంచె సందులోంచి గిన్నె లోపలికి జరిపేది. నానబెట్టిన ఈ ఆకు, సన్నగా తరిగిన దోసకాయ, ముల్లంగి, నూరిన నువ్వులు, పైన తోఫూ ముక్కలు. అంతా చల్లగా, పచ్చిగానే.

"కాళ్ళు వాచి, పళ్ళు కదిలి, నీళ్ళు కూడా దిగనప్పుడు అదొక్కటే దిగిందక్కా."

"ఆమె పేరేంది?"

"తెలవదు. అడిగితే ఇద్దర్నీ కొట్టేవాళ్ళు. ఆ పొట్లం ఇచ్చిన కొన్నాళ్ళకు పైనుంచి బాంబులు పడి ఆ వీధి మొత్తం కాలిపోయింది. తినబుద్ధి గాక దాచుకున్నా."

నేను సిస్టరమ్మను అడిగాను. "కారం లేదు, నూనె లేదు, బలం ఉంది. చెయ్యడం నీకు వచ్చా?" అంది. రాదన్నాను. రోగే చెబుతాడన్నాను. "అయితే ఇద్దరూ కలిసి చెయ్యండి" అని డైట్ స్లిప్పు మీద సంతకం పెట్టింది.

గింజల కోసం వెతకక్కర్లేకపోయింది. బలం లేని పిల్లలకు పెట్టమని యుద్ధం రోజుల్లో ఎవరో సోయా చిక్కుళ్ళ బస్తా పంపారు. ఉడికిస్తే పచ్చివాసన కొడుతుందని ఒక్క పిల్లా ముట్టలేదు. సగం బస్తా అలాగే మూలన పడి ఉంది. దేవుడు మనకంటే ముందే సరుకు దింపి పెడతాడని మా నాయన అనేవాడు.

గింజలు నానబోసి రుబ్బాను. నీళ్ళు కలిపి కాచి గుడ్డలో పిండితే పాలు దిగాయి. నిమ్మకాయ పిండి విరగ్గొడితే పుల్లగా వచ్చింది. కోటయ్య నాలిక మీద పెట్టుకుని తల అడ్డంగా ఊపాడు.

"పులుపు కాదక్కా. ఉప్పు బస్తా కింద కారుద్దే, ఆ నీళ్ళు. ముసలామె అదే పోసేది."

చీరాల వైపునుంచి వచ్చే కల్లుప్పు బస్తా వానాకాలంలో చెమర్చి బొట్లు బొట్లుగా కారుతుంది. బస్తాను దూలానికి వేలాడదీసి కింద మట్టి చట్టి పెట్టాను. ఆ నీరు వేలితో తాకి చూస్తే నోరంతా చేదు. ఉప్పని కూడా అనలేం. కానీ కాగిన పాలలో గరిటెతో కొంచెం కొంచెం పోస్తుంటే తెల్లటి మబ్బులు విడిపోయినట్టు పాలు ముక్కలయ్యాయి.

సరిగ్గా అప్పుడే నిప్పు అడగడానికి అంకమ్మ గుమ్మంలోకి వచ్చింది.

మా వైపు పాలు విరిగితే ఇంటికి కీడని ఆడవాళ్ళు ఆ పూట మంచి పని మొదలుపెట్టరు. పొరపాటున విరిగితేనే అలా అనుకుంటారు. కావాలని విరగ్గొట్టేవాళ్ళను ఆమె ఎన్నడూ చూసి ఉండదు. కుండ వంక చూసింది, నా చేతిలోని చేదునీళ్ళ చట్టి వంక చూసింది.

"ఎవరికే అది?"

"కోటయ్యకే పిన్నమ్మా. ఇవి గొడ్డు పాలు కావు, గింజల పాలు. వాడే అడిగాడు..."

"పాలు విరగ్గొట్టి నా బిడ్డ నోట్లో పోస్తావా? చచ్చిపోయాడని ఊరంతా అన్నప్పుడు కూడా నా ఇంట్లో పాలు విరగలేదే!"

కొంగుతో కుండ పట్టుకుని గుమ్మం బయట ఒలకబోసింది. పట్టినప్పుడు చేతులు కాలాయి. అది ఆమె గమనించనే లేదు.

కేకలు విని కోటయ్య గోడ పట్టుకుని లేచి వచ్చాడు. అంత దూరం నడవడం అదే మొదలు.

"అమ్మా, నేనే చెయ్యమన్నా. ఆడ జపానులో తిన్న కూడు ఇది."

"నిన్ను సంకెళ్ళేసి కొట్టినోళ్ళ కూడురా అది!"

"కొట్టిన చెయ్యి వేరమ్మా. పెట్టిన చెయ్యి వేరు."

"పెట్టిన చెయ్యా? మరి నేను పెట్టేదేంది?"

తను పెట్టేది రోజూ వాడు కక్కుతున్నాడని ఆమెకు తెలియదు. తెలియకూడదనే కదా వాడు అంత ఓర్చుకుంది! గుమ్మంలోనే కూలబడ్డాడు. ఇద్దరం చెరో వైపూ పట్టుకుని మంచానికి చేర్చాం. మంచం పక్కన మట్టి చల్లిన చోటు అంకమ్మ అప్పుడు చూసింది. కాలితో రాస్తే కింద కొర్రల జావ తేలింది. మస్తాన్ సాయిబు మొహం గోడకు తిప్పుకున్నాడు.

మరునాడు మళ్ళీ రుబ్బాను. ఈసారి ఆమె అడ్డు రాలేదు. పాలు విరిచి, పలచని గుడ్డలో మూటగట్టి, పైన కడిగిన రాయి పెట్టాను. ఎండిన ఆకు చిటికెడే చన్నీళ్ళలో వేస్తే చూస్తుండగానే విచ్చుకుని, గిన్నె అంచుదాకా పచ్చగా పొంగింది. అంత పచ్చదనం దాంట్లో దాగి ఉందంటే స్తోత్రం అనకుండా ఉండలేకపోయాను. ఎక్కువసేపు నానితే జిగురవుతుందని కోటయ్య ముందే హెచ్చరించాడు. వెంటనే తీసి పిండాను. లేత దోసకాయ గింజలు తీసి, ముల్లంగి వెంట్రుక వాసిగా తరిగి, ఉప్పు రాసి ఆ నీరు పిండేశాను. నువ్వులు దోరగా వేయించి, చిన్న బెల్లంముక్కతో నూరి కలిపాను. తాలింపు పెట్టడానికి నా చెయ్యి తనంతట తానే ఆవాల డబ్బా మీదికి పోయింది. వెనక్కి లాక్కున్నాను. చివర తోఫూ ముక్కలు పైన పేర్చాను.

కోటయ్య మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని చాలాసేపు నమలలేదు. తరవాత మెల్లగా, తల ఎత్తకుండా గిన్నె ఖాళీ చేశాడు. మేమంతా చూస్తూ కూర్చున్నాం. కక్కలేదు. నిద్రపోయాడు.

మస్తాన్ సాయిబు రెండు చేతులూ ఎత్తి, "అల్లా! అన్నమ్మ చేతివాసి గొప్పది!" అన్నాడు. వార్డులో ఆ మంచం, ఈ మంచం అదే అందుకున్నాయి. అన్నమ్మ చేతివాసి, అన్నమ్మ చేతివాసి. కొందరి చేతినుంచి అందుకుంటే మందైనా కూడైనా మేలు చేస్తుందని మా వాళ్ళ గట్టి నమ్మకం. మేలు చేసే చెయ్యి ఒకటుంటే, కీడు చేసే చెయ్యి కూడా ఉంటుందని ఆ నమ్మకానికి రెండో వైపు.

అంకమ్మ వాకిట్లో జావ గిన్నెతో నిలబడి ఉంది. ఆ మాటలన్నీ విన్నది.

"తిన్నాడా?"

"తిన్నాడు పిన్నమ్మా."

"నిలిచిందా?"

"దేవుడి దయ. నిలిచింది."

"చాలు" అంది. జావను వాకిట్లో చెట్టు మొదట్లో పోసేసి వచ్చింది. "రేపటినుంచి నువ్వే పెట్టు. నా చెయ్యి మంచిది కాదు."

"అట్టా అనబాక. రేపు నువ్వే చేద్దువుగాని, పక్కనుండి నేను చెప్తా."

"వద్దమ్మే. నేను పెట్టిన ముద్దకే గదా నెత్తురు పడింది."

ఎంత బతిమాలినా ఆమె మళ్ళీ పొయ్యి వెలిగించలేదు. కోటయ్య బట్టలు ఉతికింది, కాళ్ళు పిసికింది. కంచం మాత్రం తాకలేదు. పొట్లం అయిపోయేలోగా వాడి కడుపు గంజికి, తరవాత మెత్తటి అన్నానికి అలవాటు పడింది. డిశ్చార్జి రోజున, ఫుల్ డైట్ కంచం ముందు పెట్టుకుని వాడు అడిగాడు.

"అమ్మా, ఒక్క ముద్ద పెట్టు."

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, "బండి కట్టారేమో చూసొస్తా" అని వెళ్ళిపోయింది.

తరవాత కోటయ్య మందులకని వచ్చినప్పుడు ఒళ్ళు చేసి ఉన్నాడు. సంతోషపడి, తల్లి ఎలా ఉందని అడిగాను.

"బాగానే ఉందక్కా. అన్నం మా పెద్దమ్మ వండుద్ది. అమ్మ పక్కనే ఉన్నా పొయ్యి కాడికి రాదు. నేను తినేటప్పుడు ఇంట్లోనే ఉండదు, తన చూపు కూడా కంచం మీద పడకూడదంట. కారం కూడా తింటన్నాను, ఏం గాలేదు, చూడమ్మా అంటే నమ్మదు. నిన్ను తిట్టదక్కా. రోజూ నీ పేరు చెప్పుకుని దండం పెడుద్ది." మందుల పొట్లం అందుకుంటూ అన్నాడు. "ఆ మూడేళ్ళూ నేను బతికింది ఆమె చేతి ముద్ద తలుచుకునే."

ఆ మరుసటేడు ఆమె పోయిందని కబురొచ్చింది. పోయేనాటికి కూడా కొడుకు కంచంలో చెయ్యి పెట్టలేదట.

నేను చేసింది తప్పని ఎవరూ అనలేదు, నేనూ అనుకోను. ఆ గిన్నె లేకపోతే కోటయ్య ఉండడు. దానికి దేవునికి రోజూ కృతజ్ఞత చెప్పుకుంటాను. కానీ రోగి ఒక్కడే మంచం మీద ఉండడు. వాడికి ఇంతకాలం పెట్టిన మనిషి కూడా ఆ మంచం పక్కనే, కనపడని జబ్బుతో కూర్చుని ఉంటుంది. ఆ జబ్బుకు డైట్ స్లిప్పు ఎవరూ రాయరు. ఆ తరవాత నేను చేసిన ఏ పథ్యాన్నీ నా చేత్తో రోగికి అందించలేదు. వార్డు గుమ్మం దగ్గరే ఆగి, గిన్నె వాళ్ళ తల్లి చేతికో పెళ్ళాం చేతికో ఇచ్చి, "నువ్వే పెట్టమ్మా, నీ చేత్తో పెడితేనే నిలుస్తుంది" అని వంటింట్లోకి తిరిగి వచ్చేసేదాన్ని.