రెండోసారి చూసిన బిడ్డ

నాలుగేళ్ళుగా ఒక మాట నా గుండెల మీద కూర్చుని ఉంది. దించుకుందామని ఎన్నోసార్లు అనుకున్నాను. ఎవరి ముందు దించాలో తెలియలేదు. మీరు నన్ను ఎరగరు, నేను మిమ్మల్ని ఎరగను. అందుకే మీకు చెబుతున్నాను.

నాకు ఏ లోటూ లేదు, అది ముందే చెప్పాలి. షార్జా అల్ నహ్దాలో ఉంటాను. షూటింగులకు వచ్చేవాళ్ళకు వ్యాను నడుపుతాను, వాళ్ళ మాట మనవాళ్ళకూ మనవాళ్ళ మాట వాళ్ళకూ చెబుతాను. కడుపునిండా తింటాను, పడుకోగానే నిద్ర పడుతుంది. ఆ నిద్రే నా కొంప ముంచింది.

కరోనా తగ్గుతున్న రోజుల్లో జపాన్ నుంచి ఒక ప్రొడ్యూసరమ్మ వచ్చింది. అరవై దాటిన మనిషి. ఊరికి పోలేక చిక్కుకుపోయిన కూలీల మీద టీవీకి ఒక సినిమా తీయాలని ఆమె కోరిక. రాస్ అల్ ఖైమా దారిలో నా పక్క సీట్లో కూర్చుని, వచ్చీరాని ఇంగ్లీషులో తన కథ చెప్పేది. స్టూడియోలో టీలు అందించడంతో మొదలుపెట్టిందట. తర్వాత వంటల కార్యక్రమం, సీరియళ్ళు, ఆడని సినిమాలు రెండు. ఒకసారి, సముద్రంలో భర్తను పోగొట్టుకున్న ముసలమ్మను, షాటు బాగా రాలేదని మూడుసార్లు ఒడ్డుకు నడిపించిందట. "నా మొగుణ్ణి మూడుసార్లు ముంచావు" అందట ఆ ముసలమ్మ. అప్పటినుంచి మేడం ఎవరినీ ఏదీ మళ్ళీ చేయమని అడగలేదు. దొరికితే దొరికింది, లేకపోతే లేదు.

నర్సయ్య అక్కడి రాళ్ళ క్వారీలో పనిచేసే జగిత్యాల వైపు మనిషి. ఊళ్ళో భార్య లక్ష్మికి నెలలు నిండాయి. అతను బిడ్డను ఫోన్‌లో మొదటిసారి చూసేటప్పుడు మేడం అక్కడ ఉండాలనుకుంది. కబురు రాగానే నర్సయ్య నాకు ఫోన్ చేయాలి, దగ్గర్లో హోటల్లో ఉన్న మేడంను నేను తీసుకెళ్ళాలి. అందుకే నేనూ ఆ దగ్గర్లోనే దిగాను. నా పని అంతే.

ఆ శుక్రవారం పొద్దున టిఫిన్ దట్టించి, ఫోన్ సైలెంట్‌లో పెట్టి పడుకున్నాను. లేచేసరికి తొమ్మిది మిస్డ్ కాల్స్. మేడంకు చెప్పకుండా ఒక్కణ్ణే కూలీలుండే క్యాంపుకు పరుగెత్తాను.

"చూసినవా?" అన్నాను.

"చూసిన అన్నా. ఆడపిల్ల. అచ్చం మా అవ్వ లెక్కనే ఉన్నది."

"చూడలేదను. నాలుగింటికి లక్ష్మిని మళ్ల ఫోన్ చెయ్యమను. మేడమొస్తది."

"మల్ల జూస్తే ఏమొస్తదన్నా? పొద్దుగాల అయితే నవ్విన. బగ్గ నవ్విన. రూమోళ్ళంత లేచిండ్రు."

"నా నౌకరీ పోతది నర్సన్నా."

అతను లక్ష్మికి ఫోన్ కలిపాడు.

నాలుగింటికి ఫోన్ మోగింది. నర్సయ్య మంచం మీద కూర్చుని తెరలోకి చూశాడు. లక్ష్మి బిడ్డను దగ్గరగా పెట్టింది. తువ్వాలు నోట్లో కుక్కుకుని ఏడ్చాడు. కెమెరా వెనక మేడం కళ్ళు తుడుచుకుంది. ఫోన్ పెట్టేశాక నర్సయ్య నావైపు తిరిగి, "ఖలాసా అన్నా?" అన్నాడు. ఖలాస్, అయిపోయింది అన్నాను.

ఎందుకు ఏడ్చాడు? నటించాడా? పొద్దుట సంతోషంలో కనబడని దూరం సాయంత్రానికి కనబడిందా? లేక నా నౌకరీ కోసం కన్నబిడ్డను చూడనట్టు నటించాల్సి వచ్చిందనా? అడగలేదు. అడిగితే నిజం చెబుతాడని భయం.

ఆ సినిమాకు వాళ్ళ దేశంలో మంచి పేరొచ్చింది. దానితోనే మేడం పని విరమించింది. ఇన్నేళ్ళలో అడగకుండా తన చేతికొచ్చిన వరం ఆ కన్నీరు అని నాకు ఉత్తరం రాసింది. ఆ సినిమా చివర నా పేరు ఉంది, ఆ పేరు చూసే నాకు పని ఇస్తున్నారు. సిగ్గుపడాల్సిన చోట గర్వపడ్డాను కూడా. నర్సయ్య ఊరికి వెళ్ళిపోయి సుఖంగా ఉన్నాడు, పాప అంగన్‌వాడీకి పోతోంది. ఎవరికీ నష్టం లేదు కదా అని నన్ను నేను బుజ్జగించుకుంటాను. కానీ ఆమె ఒక ముసలమ్మకు మనసులో ఇచ్చిన మాట, ముప్పై ఏళ్ళు నిలబెట్టుకున్న మాట, నా కునుకు వల్ల తప్పింది. తప్పినట్టు ఆమెకు తెలియదు కూడా. అదే ఎక్కువ బాధ.

పోయిన నెల మళ్ళీ రాసింది. ఇప్పుడు ఒక బడిలో సినిమా పాఠాలు చెబుతోందట. మొదటి పాఠం ఆ నాలుగింటి ఫోనేనట. పిల్లలు నిన్ను చూడాలంటున్నారు, ఆ రోజు ఏం జరిగిందో వీడియోలో వచ్చి నువ్వే చెప్పు అంది.

డ్యూటీ ఉందని జవాబిచ్చాను. ఆమె రమ్మన్న రోజు నాకు సెలవు.

అదీ చెప్పేశాను మీకు. ఇప్పుడు కాస్త తేలిగ్గా ఉంది.