చెవి కోత

కొత్తకోటలో బస్సెక్కిన ఓ అవ్వ నా పక్కన కూర్చుని, మహబూబ్‌నగర్ కోర్టు వస్తే చెప్పమంది. సంతకు గొర్రెలతో పోతున్న డీసీఎం వ్యాను బోల్తాపడి ఆమె కొడుకు చనిపోయాడట.

"సొంత గొర్లతోని పోతెనే బీమా ఇస్తరంట, ఊరికె ఎక్కినోనికి ఇయ్యరంట. గొర్లు మీయే అని రుజువేందని బీమా కంపెనోళ్ల వకీలు అడుగుతుండు."

"ఏం చెప్పినవ్ అవ్వా?"

ఆమె తన చెవి అంచును రెండు వేళ్లతో పట్టుకుంది. "మా గొర్లకు ఈడ కోత పెడ్తం బిడ్డా, గదే గుర్తు. గాని గవి గూడ వానితోనే సచ్చె."

కోర్టు దగ్గర దిగుతూ వెనక్కి తిరిగింది. "అందరు గొర్లు ఎవ్వరియనే అడుగుతుండ్రు. నా కొడుకు ఎసొంటోడని ఒక్కలు అడగలే."

ఇప్పటికీ బస్సుకు మంద అడ్డమొస్తే ముందుగా గొర్రెల చెవులే చూస్తాను. కాపరి ముఖం ఆ తర్వాతే.