నేను చదవమన్న నాటకం

కరోనా తగ్గిన ఏడాది, ఎడారి దేశంలో వలస కూలీలుండే అల్ ఖూజ్ క్యాంపులో మా గదివాళ్లు చదవడానికి ఒక మంచి నాటకం చెప్పమన్నారు. నేను స్టోర్‌కీపర్ని, నాటకాల పుస్తకాల పిచ్చి ఉన్నవాణ్ని. నా దగ్గరున్న విషాద నాటకాల్లో ముగింపు అన్నిటికన్నా గొప్పదైనది తీసి ఇచ్చాను. కన్నీళ్లు ఆగవని హెచ్చరించాను కూడా.

వాళ్లకు తెలిసిన చదువు ఒక్కటే. రోజూ పొద్దున సైటులో పని మొదలుపెట్టేముందు భద్రతా సూచనలు చదివి, విన్నట్టు సంతకాలు తీసుకునే పద్ధతి. సెలవు రోజున అందరూ వరసగా నిలబడ్డారు. ఫోర్‌మన్ "తెర లేచును" మొదలుకొని చివరిదాకా ఒకే గొంతుతో చదివాడు. అయ్యాక అందరూ ఆఖరి పేజీలో సంతకాలు పెట్టారు. నా పుస్తకంలో, అదీ చెరగని మార్కరుతో.

కోపం దిగమింగుకుని ఎలా ఉందని అడిగాను. ఒక్కడి కంట్లోనూ తడి లేదు.

"మంచిగనే ఉన్నది గానీ అన్నా," అన్నాడు ఫోర్‌మన్, కరీంనగర్ వైపు మనిషి, "హీరో సచ్చిపోంగనే తెర పడ్డదని రాసిండు. బాడీని ఇంటికి ఎవలు పంపిన్రో రాయలే."

మిగతావాళ్లు అవునన్నట్టు తలూపారు.

ఆ నాటకాన్ని నేను ఎనిమిదిసార్లు చదివాను. ఆ ప్రశ్న నాకు ఒక్కసారీ తట్టలేదు.