తుమ్మచెక్క నీళ్ళలో ఉడికిన కార్డు

అది బుధవారం, పగలు పదకొండు గంటలు. అరవై మూడో సంవత్సరం, ఎండలు తగ్గుముఖం పట్టిన రోజులు. గంట సంగతి ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే, సూళ్లూరుపేటలో చేపల ఆఫీసు గోడమీద ఒక గడియారం ఉండేది. అది పదకొండు కొట్టడం మొదలుపెట్టగానే గుమాస్తా తలెత్తి దానివైపు చూశాడు. ఆ చూపు దిగేలోగా ఆయన చేతిలో కలం నేను తీసుకున్నాను.

మొన్న రేషన్ షాపులో వేలిముద్రల యంత్రం అద్దం మీద బొటనవేలు పెట్టాను. చల్లగా తగిలింది. కీచుమని అరిచింది. "అవ్వా, ఇంకోసారి గట్టిగా నొక్కు" అన్నాడు షాపతను. నొక్కాను, మళ్ళీ అరిచింది. కొంగుతో తుడుచుకుని పెట్టమన్నాడు, పక్క వేలు పెట్టమన్నాడు, ఎడమచెయ్యి పెట్టమన్నాడు. ఏ వేలూ దానికి నచ్చలేదు. వెనక నిలబడ్డవాళ్ళు సణుగుతుంటే నాకు నవ్వొచ్చింది. "ఎందుకవ్వా నవ్వుతావు?" అన్నాడు. "నా వేలు సర్కారుతో మాట్లాడదు నాయనా, నా చిన్నప్పట్నుంచీ అంతే" అన్నాను. చివరికి కంటిని చూసే యంత్రం తెచ్చి బియ్యం కొలిచాడు. ఇంటికొచ్చినా ఆ అద్దం చల్లదనం వేలికి అంటుకునే ఉంది, ఎస్తేరమ్మ కళ్ళముందు మెదులుతూనే ఉంది. ఇది చదివేవాళ్ళలో ఎవరూ ఆమెను చూసి ఉండరు. చూసి ఉండవలసిన మనిషి. అందుకని రాస్తున్నాను.

మా ఊరు పులికాట్ సరస్సు మధ్యలో ఒక ఇసుక దిబ్బ. ఎటు పోవాలన్నా పడవే. ఎస్తేరమ్మ ఆ దిబ్బకు పంతులమ్మగా వచ్చింది. నెల్లూరు వైపు క్రైస్తవుల ఇంటి మనిషి. పొట్టిగా, గట్టిగా ఉండేది. బడిలో అరిస్తే రేవులో పడవలు కట్టుకునేవాళ్ళు ఉలిక్కిపడేవాళ్ళు. అంత గొంతున్న మనిషికి నీళ్ళంటే ప్రాణభయం. వచ్చేటప్పుడు పడవలో నెత్తిన దుప్పటి కప్పుకుని, కళ్ళు తెరవకుండా వచ్చిందట. దిగాక మళ్ళీ ఎక్కే ధైర్యం రాలేదు. తొమ్మిదేళ్ళు మా దిబ్బమీదే ఉండిపోయింది. క్రిస్మసుకు పోలేదు, అన్నకూతురి పెళ్ళికీ పోలేదు. ఎవరైనా అడిగితే "సెలవు దొరకలా" అనేది. బడికి సెలవిచ్చేది ఆమే.

సాయంత్రాలు మేము ఆడవాళ్ళం గుడిసెల ముందు కూర్చుని వలలు అల్లుకుంటుంటే ఆమె వచ్చి మధ్యలో చతికిలబడేది. "రాండే, నాలుగక్షరాలు నేర్చుకోండి" అని పోరేది. "అక్షరాలు పులుసు పెట్టుకుంటామా పంతులమ్మా?" అన్నాను నేను ఒకసారి. "నువ్వు పెట్టే పులుసు కంటే బాగానే ఉంటాయిలే" అంది. అందరూ పడీపడీ నవ్వారు. నాకు మండింది. అక్షరాల జోలికి పోలేదు.

నా మొగుడు జ్వరంతో పోయాక నాకు మిగిలింది ఒక ఆడపిల్ల, ఒక నూలు వల. మా దగ్గర కట్టుబాటు ఏమిటంటే, వల ఎవరిదో వాళ్ళు సరస్సులో దిగకపోయినా పట్టిన చేపల్లో ఒక పాలు, అంటే ఒక వాటా, వాళ్ళకు రావలసిందే. నా వల తీసుకుని మగవాళ్ళు వేటకు పోయేవాళ్ళు, వల పాలు నా గుమ్మంలోకి వచ్చేది. ఆ పాలుతోనే నా పొయ్యి వెలిగేది. ఆయన ఉండగానే చేపల ఆఫీసువాళ్ళు ఇంటికొక కార్డు ఇచ్చారు. పసుప్పచ్చ అట్ట, దానిమీద నంబరు. మాది నలభై ఏడు. మొగుడు పోయాక అది నా పేరుకు మార్చి, ఆఫీసు పుస్తకంలో నా వేలిముద్ర వేయించుకున్నారు. త్వరలో నైలాను దారం వస్తుందనీ, కార్డు ఉన్నవాళ్ళకే ఇస్తారనీ చెప్పారు. నూలు వల కుళ్ళిపోతుంది, నైలాను కుళ్ళదు. ఊరంతా నైలానుకు మారాక నా నూలు వలను ఎవరూ ముట్టుకోరు. కార్డు లేకపోతే దారం లేదు, దారం లేకపోతే వల లేదు, వల లేకపోతే పాలు లేదు. పిల్లను తీసుకుని మరిది పంచన చేరడమే.

అటువంటి కార్డును నేను ఎక్కడ దాచాను? వల మడతలో. నవ్వకండి. మా గుడిసెల్లో పెట్టెలూ తాళాలూ ఉండేవి కావు. ఇల్లు కాలినా, తుపాను వచ్చినా ముందు చేత పట్టుకుని పరిగెత్తేది వలనే. అందుకని విలువైనదేదైనా వల మడతలోనే పెట్టేవాళ్ళం. నూలు వల నాలుగు కాలాలు ఆగాలంటే అప్పుడప్పుడూ తుమ్మచెక్క కషాయంలో ఉడకబెట్టాలి. ఆ రోజు కాగు నిండా ఎర్రటి నీళ్ళు కుతకుత ఉడుకుతున్నాయి. వల ఎత్తి అందులో వేశాను. కర్రతో తిప్పుతుంటే నురగమీద ఒక ముక్క తేలింది. ఎండుచేప తోలేమో అనుకుని తీసి చూస్తే నా కార్డు. నంబరు లేదు, ముద్ర లేదు, గోధుమరంగు పీచు. చేతిలోనే విడిపోయింది.

మరిది పోలయ్యను తోడు తీసుకుని సూళ్లూరుపేట పోయాను. గుమాస్తా నా బొటనవేలికి సిరా పూసి కాగితం మీద అద్దాడు. నల్లటి మచ్చ పడింది, ఒక్క గీత లేదు. మళ్ళీ అద్దాడు, మళ్ళీ మచ్చే. పాత పుస్తకం తీసి చూస్తే అందులోనూ అదే మచ్చ. చిన్నప్పటినుంచీ వల ముడి బిగించింది ఆ వేలితోనే. గీతలు ఎప్పుడో దారానికి అంటుకుపోయాయి.

"ఏందమ్మా ఇది, పెనం అడుగు మాదిరి ఉంది" అన్నాడు గుమాస్తా.

ఆఫీసరు వరదయ్య గారు మంచి మనిషే. కానీ తల పట్టుకున్నాడు. "వేలిముద్ర పడదు, సంతకం రాదు. నువ్వే చెంగమ్మవని నేనెట్టా రాసేదమ్మా?"

"నన్ను చూస్తా ఉండారు గదా సామీ!"

"నేను చూస్తే చాలదు. పైవాళ్ళు కాగితమే చూస్తారు." ఆయన కాసేపు ఆలోచించి దారి చెప్పాడు. దారం వచ్చేలోగా సంతకం నేర్చుకుని రావాలి. నన్నెరిగిన ఇద్దరు ఊరివాళ్ళు సాక్షులుగా రావాలి, అందులో ఒకరు చదువుకున్నవాళ్ళయి ఉండాలి. కాకపోతే ఆ నంబరు ఇంట్లో మగవాడి పేరుకు మారుతుంది.

"అదే మేలు సార్" అన్నాడు పోలయ్య. తిరిగొచ్చేటప్పుడు పడవలో నాకు నచ్చజెప్పాడు. "నీకెందుకొదినా ఈ తిప్పలు? నా పేరున ఉంటే నీది గాకుండా పోతాదా? నీకూ పిల్లకూ కూడెయ్యనా?"

పోలయ్య చెడ్డవాడు కాదు. కానీ ఒకరి చేతికూడు తింటూ ఆ ఇంట్లో తలెత్తి మాట్లాడిన ఆడదాన్ని నేను ఎరగను. పడవ దిగినదాన్ని దిగినట్టే బడికి పోయాను.

ఎస్తేరమ్మ నన్ను ఎగాదిగా చూసింది. "ఏమ్మే, పులుసులోకి ఏమన్నా తక్కువైందా?"

"అక్షరాలు" అన్నాను.

ఆమె నవ్వలేదు. పలక తెచ్చి చేతిలో పెట్టింది. బలపం పట్టుకుంటే విరిగింది. ఇంకొకటి ఇచ్చింది, అదీ విరిగింది. "గడ్డపార పట్టినట్టు పడితే ఇరక్కుండా ఏం చేస్తాది?" అని నా చేతివైపు చూస్తూ ఉండిపోయింది. తర్వాత నా ఒడిలో ఉన్న దారపు ఉండ లాక్కుంది. అలికిన నేలమీద సుద్దతో ఇంత లావున ఒక అక్షరం గీసి, "నీ చేతికి దారం తెలుసు గదా, ఈ గీత మీద దారం పరువు" అంది. పరిచాను. చీకటి పడేలోగా నా పేరంతా నేలమీద దారంతో పడుకుని ఉంది. తెలుగు అక్షరాలన్నీ మెలికలే. మెలికలు నాకు కొత్తా? దారం తర్వాత బొగ్గు, బొగ్గు తర్వాత బలపం. చెయ్యి దారికొచ్చింది.

పేరు రాయడం రాగానే లేచి నిలబడ్డాను. "చాల్లే పంతులమ్మా, వచ్చేసింది."

"కూర్చో" అంది.

"సంతకానికి ఇది చాలు."

"పేరొక్కటి గీస్తే చేప బొమ్మ గీసినట్టే. రేపు వాళ్ళు కార్డిస్తారు. దానిమీద ఏముందో ఎవురు చదవాల, మీ మరిదా? నీ చేతికి ఏదిచ్చినా చదివి తీసుకో. చదవకుండా తీసుకున్నది నీది కాదు, ఇచ్చినోడిది."

కూర్చున్నాను. ఒత్తుల దగ్గర ఇద్దరం తిట్టుకున్నాం. ఈతబరికెతో నా వేళ్ళమీద ఒకటి వేసింది. పలక నేలకేసి కొట్టి వచ్చేశాను. మర్నాడు నా గుడిసె ముందు నిలబడి, "కోపముంటే కోపంతోనే రా, బలపం గట్టిగా పడతాది!" అని ఊరంతా వినేట్టు అరిచింది. పోక తప్పలేదు.

సాక్షుల మాట వచ్చింది. ఊరిపెద్ద నాగూరయ్య వస్తానన్నాడు, కానీ ఆయనదీ వేలిముద్రే. దిబ్బమీద చదువుకున్న మనిషి ఒక్కతే. ఆ సంగతి చెప్పేసరికి ఎస్తేరమ్మ చేతిలో సుద్దముక్క కిందపెట్టింది.

"ఆఫీసర్నే ఈడికి రమ్మను."

"రాడు పంతులమ్మా."

"ఇంకెవురూ లేరా?"

"యాడుండారు?"

సుద్దముక్క మళ్ళీ తీసుకుని లోపలికి పోయింది. నేను బతిమాలలేదు. బతిమాలి ఎక్కించే పడవ కాదది.

బుధవారం పొద్దున నేనూ పోలయ్యా నాగూరయ్యా రేవుకు పోయేసరికి ఆమె మాకంటే ముందు అక్కడ ఉంది. గంజి పెట్టిన తెల్లచీర, చంకలో బైబిలు, నెత్తిన మాత్రం దుప్పటి లేదు. పడవ శీనయ్య, నాగూరయ్య ఇటొకరు అటొకరు పట్టుకుని ఎక్కించారు. తెరచాప కొయ్యను రెండుచేతులా కావలించుకుని కూర్చుంది. పడవ కదిలింది. ఆమె ప్రార్థన ఎత్తుకుంది. అల వచ్చినప్పుడల్లా గొంతు పెద్దదయ్యేది.

శీనయ్య ఉండబట్టలేక అన్నాడు: "అమ్మా, ఈడ దిగి నిలబడినా నీ నడుం దాటవు నీళ్ళు. నువ్వు పొట్టి గాబట్టి నడుం, నాకైతే తొడలే."

ఎస్తేరమ్మ ప్రార్థన ఆపింది. "నడుంలోతు నీళ్ళలో చస్తే ఇంకా నగుబాటు. నువ్వు గెడ చూసుకో నాయనా" అని మళ్ళీ అందుకుంది.

ఆఫీసులో గుమాస్తా అలవాటుగా సిరామెత్త నా ముందుకు జరిపాడు. గడియారం కొట్టడం మొదలైంది. ఆయన తలెత్తాడు. నేను కలం తీసుకున్నాను. అది ఆఖరి గంట కొట్టేసరికి కాగితం మీద చెంగమ్మ ఉంది. ఒత్తు కాస్త కిందికి జారింది, ఐనా నా పేరే. ఎస్తేరమ్మ సాక్షి సంతకం చెయ్యబోతే పడవ వణుకు ఇంకా చేతిని వదల్లేదు, అక్షరాలు ఎగుడుదిగుడుగా పడ్డాయి. "నా సంతకం కంటే నీదే నయమే" అని నా చెవిలో గొణిగింది. ఆమె పక్కన నాగూరయ్య వేలు అద్దాడు.

గుమాస్తా కొత్త అట్ట తీసి రాసి, నా వెనక నిలబడ్డ పోలయ్యకు అందించబోయాడు. నేను మధ్యలోనే అందుకున్నాను. వేలు పెట్టుకుని పైకి చదివాను. ఒక్కొక్క అక్షరం కూడబలుక్కుంటూ చదివాను. నంబరు నలభై ఏడు. కుటుంబ పెద్ద పేరు... పో... ల... య్య.

అట్ట బల్లమీద పెట్టాను.

"ఇది నాది గాదు" అన్నాను.

"మగమనిషి ఎదురుగా ఉంటే ఆయన పేరే గదమ్మా రాసేది! కింద నీ పేరు కూడా ఉంది చూడు" అన్నాడు గుమాస్తా.

"కింద ఉండేదానికైతే ఇంత అగచాట్లెందుకు పడతా? పైన రాయండి."

గుమాస్తా పోలయ్యవైపు చూశాడు. ఆఫీసరు వరదయ్య గారు లోపలినుంచి లేచి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. పోలయ్య మెడ గోక్కున్నాడు. చివరికి అన్నాడు: "మా వదిన పేరే రాయండి సార్. ల్యాకపోతే ఈమె నన్ను పడవెక్కనియ్యదు, నేను ఈదుకుంటా పోవాల."

ఆఫీసరు గారు పగలబడి నవ్వాడు. "కొత్తది రాయవయ్యా, రాసి ఆమె చేతికే ఇయ్యి." ఆ అట్టకూడా పైనుంచి కిందిదాకా చదివాకే తీసుకున్నాను. ఎస్తేరమ్మ గోడకు ఆనుకుని, పెదవులు బిగించి నిలబడింది. ఆమె బడిలో పిల్ల తప్పులేకుండా ఎక్కం అప్పజెప్పినప్పుడు అలాగే నిలబడేది.

తిరుగు పడవలో ప్రార్థన లేదు. దిబ్బ కనిపించగానే, "ఆపు శీనయ్యా" అంది. ఎందుకో మాకు అర్థమయ్యేలోగా బైబిలు నెత్తిన పెట్టుకుని అంచుమీదనుంచి నీళ్ళలోకి జారింది. పోలయ్య కెవ్వుమన్నాడు. ఆమె నిలబడింది. నీళ్ళు నడుందాకానే ఉన్నాయి.

"చెంగమ్మా! ఇంతేనా?"

"ఇంతే పంతులమ్మా!"

"తొమ్మిదేళ్ళే!" అని అరిచింది. అరిచి, నవ్వుతూ, గంజి చీర నీళ్ళమీద గొడుగులా తేలుతుంటే ఒడ్డుదాకా నడిచిపోయింది. మేము పడవలో ఆమె వెనకే పోయాం. ఆ ఏడు క్రిస్మసుకు ఎస్తేరమ్మ సెలవు పెట్టింది.

దారం వచ్చింది. మా వీధిలో మొదటి నైలాను వల నేను అల్లిందే. ఆ వల పాలుతో పిల్లను పెంచాను, ఎస్తేరమ్మ బడిలోనే చదివించాను. ఆమె పోయి చాలా ఏళ్ళయింది. ఇప్పటికీ నా చేతికి ఎవరేమిచ్చినా చదవందే తీసుకోను. మందుబిళ్ళ అట్ట అయినా, బస్సు టిక్కెట్టయినా, మొన్న రేషన్ షాపతను ఇచ్చిన చీటీ అయినా అంతే. వెనక ఎంతమంది సణిగినా సరే, వేలు పెట్టుకుని చదువుతాను. ఆ వేలికి గీతలు లేవు. ఐనా దారి తెలుసు.

ఆ బుధవారం అక్కడ ఉన్నవాళ్ళను చెప్పి ఆపుతాను. ఆఫీసరు వరదయ్య గారు, గుమాస్తా రాఘవులు, ఊరిపెద్ద నాగూరయ్య, పడవ శీనయ్య, నా మరిది పోలయ్య, నడుందాకా తడిసిన ఎస్తేరమ్మ, నలభై ఏడో నంబరు చెంగమ్మ.