గడ్డం పెట్టుకోని వైకింగ్

ఐనర్ బోస్ట్రుప్‌కి ఒకటే పట్టుదల. తెరమీద తన పెదవులు కనపడి తీరాలి. వైకింగ్ ఓడదొంగల నాయకుడి వేషం ఇచ్చినా గడ్డం పెట్టుకోనన్నాడు. నున్నగా గీసిన మొహంతో ఓడ మొనమీద నిలబడి యుద్ధానికి పిలిచాడు. గడ్డాల సైన్యమంతా ఆ మొహం వెనక నడిచింది. కోపెన్‌హాగెన్ జనం అదీ ఇష్టపడ్డారు.

అవి మూకీల రోజులు. స్టూడియో అద్దాల పైకప్పులోంచి వెలుతురు పాలలా దిగేది. తక్కిన నటులు కథానాయిక ముందు మోకరిల్లి, హెర్రింగ్ చేపలు చవకయ్యాయని చెప్పేవాళ్ళు. తెరమీద అది ప్రేమే. ఐనర్ మాత్రం మాటలు రాయించుకుని, బట్టీపట్టి, ఒక్కో అక్షరం తీరుగా పలికేవాడు.

"ఎవరికి వినపడుతుందని ఐనర్ గారూ, ఈ అవస్థ?" అని దర్శకుడు ఆక్సెల్ క్రోగ్ అడిగేవాడు.

"వినపడకపోతే అబద్ధాలాడమంటావా ఆక్సెల్ బాబూ?"

ఆక్సెల్‌కి ఆయనంటే విసుగు. ఆయన లేని సినిమా తీయాలంటే దిగులు.

తరవాత టాకీలు వచ్చాయి. అద్దాల కప్పుకు నల్లగుడ్డ కప్పారు. ట్రాముల చప్పుడు రాకుండా గోడలకు పరుపులు కొట్టారు. పగలు కూడా నిద్రలోలా ఉండేది. బల్లమీది పూలకుండీలో మైకు దాచారు. నటులందరూ దానికేసి వంగి మాట్లాడేవాళ్ళు. ఐనర్ మాత్రం కెమెరాకేసి తిరిగేవాడు.

"పూలకేసి చూసి చెప్పండి మహాప్రభో" అని ఆక్సెల్ బతిమాలేవాడు.

"పెళ్ళాం పక్కన నిలబడి ఉంటే పూలతో సరసమేమిటయ్యా?"

స్టూడియో యజమానికి ఓపిక అయిపోయింది. ఈ సినిమాలో కూడా మాట సరిగా పడకపోతే బోస్ట్రుప్‌ని తీసేస్తానన్నాడు. ఆ కబురు ఆక్సెలే చెప్పాల్సివచ్చింది.

"సరే బాబూ. పూలతోనే చెపుతాను. చెప్పాక ఒక్క క్షణం కెమెరా ఆపకు. ఊరికే నోరు కదుపుతాను, చప్పుడు చెయ్యను."

"దేనికండీ?"

"ముసలివాణ్ణి. అలవాటు."

ఆక్సెల్ ఒప్పుకున్నాడు. ప్రతి సన్నివేశం చివరా ఐనర్ మనవైపు తిరిగి పెదవులు కదిపాడు. కత్తిరించాలంటే ఆక్సెల్‌కి చెయ్యి రాలేదు.

మొదటి ఆట రోజు యజమాని ఎప్పటిలాగే వెనక వరసలో, నక్కతోలు కాలరు కోటులో కూర్చున్నాడు. పక్కన ఆక్సెల్. తెరమీద ఐనర్ పూలతో మాట్లాడి, ఇటు తిరిగి నిశ్శబ్దంగా ఏదో అన్నాడు. ముందు వరస పకపకా నవ్వింది. హాలంతా అయోమయంగా చూసింది. ప్రతిసారీ అంతే. కాసేపటికి రెండో వరసవాళ్ళు ముందువాళ్ళ భుజాలు తట్టి, చేతులతో, మొహాలతో ఏమన్నాడని అడగడం మొదలుపెట్టారు.

ఆఖరి సన్నివేశం అయింది. ఈసారి ముందు వరస నవ్వలేదు. వరసంతా మెల్లగా వెనక్కి తిరిగి యజమానికేసి చూసింది. దీపాలు వెలిగాక కూడా చూస్తూనే ఉంది.

"నన్నెందుకు చూస్తున్నారయ్యా వీళ్ళు?"

ఆక్సెల్ ముందుకు వెళ్ళి అడిగాడు. బట్టలు కుట్టే ఒకావిడ అతని పెదవులు చూసి, అర్థం చేసుకుని, కాస్త ముద్దగా జవాబిచ్చింది. "మేమంతా చెవిటివాళ్ళం బాబూ. మూకీల్లో ఈయన పెదవులు చదివేవాళ్ళం. తక్కినవాళ్ళు చేపల ధరలు చెప్పేవాళ్ళు కదా. ఇప్పుడు టాకీలొచ్చి, మధ్యలో వేసే అక్షరాలు కూడా తీసేశారు. ఈయనే ఎప్పటికప్పుడు నవ్వొచ్చేట్టు కథ చెప్పి పెట్టాడు. మామగారు ఒప్పుకున్నాడట, ఓడ రేపట, ఇలా."

"మరి ఇప్పుడేమన్నాడమ్మా?"

"వెనక నక్కతోలు కోటాయన నన్ను తీసేస్తాడేమో, మీరే చూసుకోండి అన్నాడు."

ఆక్సెల్ వెనక్కి వచ్చి అదే మాట యజమాని చెవిలో వేశాడు. ముందు వరస ఇంకా ఇటే చూస్తోంది. యజమాని నిలబడ్డాడు. గొంతు సవరించుకుని, అది అక్కర్లేదని తోచి, మఫ్లరు కిందికి లాగి, నోరు బాగా తెరిచి ఒక్కో మాటే పలికాడు.

"నేను, ఎప్పుడన్నాను?"