పారబోసిన బిందె

కొత్త పైసలు వచ్చిన రోజులవి. మా ఇళ్లలో నాన్నను బాపు అనీ, అమ్మను అవ్వ అనీ పిలుస్తాం. కరీంనగర్ వైపు మా సాలోళ్ల వాడ నుంచి బాపు నేత పనికి బొంబాయి పక్క భీవండి పోయి ఏడాదిన్నర అయింది. మొదట్లో రెండు కార్డులు వచ్చాయి, తర్వాత ఏమీ లేదు. పొద్దు మా మగ్గం గుంట మీదికి వచ్చే వేళకు పోస్టాయన బావి దారిన వచ్చేవాడు. సరిగ్గా అప్పుడే అవ్వ నిండు బిందెను పెరట్లో పారబోసి, ఖాళీ బిందెతో బావికి పోయేది. ఆ సంగతి తెలిసింది నాకొక్కదానికే.

ఆ ఎండాకాలం ఊరూరా ఆడే చిందు భాగోతం వాళ్లు వచ్చారు. వాళ్లలో నవ్వించే వేషం కట్టేవాడు పగలు ఇల్లిల్లూ తిరిగి జొన్నలు అడుగుతూ ఊరి ముచ్చట్లు కూడా ఏరుకునేవాడు. రాత్రి ఆట మధ్యలో వాటితో ఎవరో ఒకరిని ఆటపట్టించడం రివాజు. ఆ మనిషి లేచి ఎదురు మాట అనాలి. అలిగితే ఊరు ఏడాది పొడుగునా ఏడిపించేది.

"మీ ఇంట్ల నవ్వొచ్చే ముచ్చట ఏమన్న ఉన్నదా బిడ్డా?" అని అతను నన్ను అడిగాడు. తొమ్మిదేళ్లదాన్ని, మా ముచ్చట ఆటలోకి ఎక్కాలని ఎంత ఆశో. బిందె సంగతి చెప్పేశాను.

రాత్రి అతను నెత్తిన బిందెతో వచ్చాడు. నింపాడు, పారబోశాడు, నుదుటికి చెయ్యి అడ్డం పెట్టి దారి చూశాడు, మళ్లీ నింపాడు. పోస్టాయన వచ్చే వేళకు బావి దగ్గర ఉండేది ఎవరో అందరికీ తెలిసిందే. జనం పొట్టలు పట్టుకున్నారు. అందరికంటే ముందు నేనే నవ్వాను. ఆ నవ్వు తలచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం.

అవ్వ కొంగు సర్దుకుని లేచింది.

"పారబోసుడు నిజమే తమ్మి. నువ్వు గూడ ఊర్లు పట్టుకొని తిరుగుతున్నవ్ గద, నీ ఇంట్ల బిందె పారబోసేటోళ్లు ఉన్నరో లేరో, జర పోయి చూసుకో."

నవ్వులు అటు తిరిగాయి. అతను ఓడినట్టు దండం పెట్టాడు. అవ్వ గెలిచిందని నేను చప్పట్లు కొట్టాను.

మర్నాడు ఆ వేళకు అవ్వ బావికి పోకుండా కండెలకు నూలు చుడుతూ కూర్చుంది. ఆ మర్నాడూ అంతే. బయట చెప్పింది ఎవరని నన్ను అడగలేదు. అడిగి రెండు దెబ్బలు వేసినా బాగుండేది. నాలుగో రోజు ఉండబట్టలేక నేనే బిందె పారబోసి, ఇంట్లో నీళ్లు లేవన్నాను. అవ్వ ఖాళీ బిందెను చూసింది, నన్ను చూసింది.

"నువ్వే పో బిడ్డా," అంది.

పోయాను. పోస్టాయన సైకిల్ దిగనే లేదు, దూరం నుంచే తల అడ్డంగా ఊపాడు. అవ్వ ఇన్నాళ్లూ రోజూ చూసింది దాన్నే అని నాకు అప్పుడు తెలిసింది. ఇంటికి వచ్చాక అవ్వ నా నెత్తి మీది బిందె దించుతూ నా ముఖం చూసింది. 

మర్నాడు ఆ వేళకు నిండు బిందెను మళ్లీ నేనే పారబోశాను.